పొడి అక్షరాల వెనక పెద్ద కథ

"ఘంటసాల గారి పేరేమిటి?" అని మీ వీధిలో ఓ పదిమందిని అడిగి చూడండి. ఆరేడుగురు మిమ్మల్ని ఎగాదిగా చూసి, "ఘంటసాలే! ఇంకేం పేరు?" అంటారు. ఆ మహానుభావుడి పేరు వెంకటేశ్వరరావు. ఘంటసాల అన్నది ఇంటిపేరు. అసలు పేరును ఇంటిపేరు కాస్తా మింగేసింది! రేలంగి గారి సంగతీ అంతే, ఆయన వెంకట్రామయ్య. గుమ్మడి అంటే వెంకటేశ్వరరావు. ధూళిపాళ అంటే సీతారామశాస్త్రి. మిక్కిలినేని అంటే రాధాకృష్ణమూర్తి. పెండ్యాల అంటే నాగేశ్వరరావు. మన సినిమారంగంలో మగవాళ్ళు ఎంతమందో ఇలా ఇంటిపేరుతోనే చెలామణీ అయిపోయారు.

సరే, ఇప్పుడు రెండో ప్రశ్న. సావిత్రి గారి ఇంటిపేరేమిటి? జమున గారిదో? ఇక్కడ మాత్రం సినిమా పిచ్చి బాగా ముదిరినవాళ్ళు కూడా బుర్ర గోక్కుంటారు. ఈ తేడా ఎందుకొచ్చిందన్న సంగతి తాపీగా మాట్లాడుకుందాం. ముందు ఇంటిపేర్ల సందడి చూడండి.

సినిమా మొదట్లో పేర్లు పడుతుంటే చాలామంది సోడా తాగి రావడానికీ, పక్కవాడితో కుర్చీ తగాదా తేల్చుకోవడానికీ ఆ టైము వాడుకుంటారు. నాకు మాత్రం కుర్రతనం నుంచీ ఆ పేర్లు చదవడమే సరదా. ఫలానావారి పేరుకు ముందున్న 'కె' ఏమిటి, ఈయన 'వి' ఏమిటి అని పెద్దవాళ్ళ వెంటపడేవాణ్ణి. మద్రాసులో ఉన్న రోజుల్లో ఓ సంగతి గమనించాను. ఎం.జి.రామచంద్రన్ గారి పేరులో 'జి' అంటే గోపాల, అది తండ్రి పేరు. మన ఎన్.టి.రామారావు గారి 'ఎన్' అంటే నందమూరి, అది ఇల్లు. వాళ్ళకి తండ్రి చెయ్యి పట్టుకుని పేరు నడుస్తుంది. మనకి ముందు ఇల్లు, ఆ ఇంట్లోంచి మనిషి బయటికొస్తాడు.

ఒక్కో పొడి అక్షరం ఒక్కో కథ. ఎస్.వి.రంగారావు గారిలో 'ఎస్' సామర్ల. కె.వి.రెడ్డి గారిలో 'కె' కదిరి. కె.విశ్వనాథ్ గారిలో 'కె' కాశీనాథుని. పి.సుశీల గారిలో 'పి' పులపాక. ఎస్.జానకి గారిలో 'ఎస్' శిష్ట్లా. మన బాలు గారి 'ఎస్.పి.'లో రెండక్షరాలూ ఇంటిపేరే, శ్రీపతి పండితారాధ్యుల! ఇక తమాషా చూడండి. ఎల్.వి.ప్రసాద్ గారి పేరులో 'ఎల్' గానీ 'వి' గానీ ఇంటిపేరు కాదు. ఆయన అక్కినేని లక్ష్మీవరప్రసాదరావు. బొంబాయిలో పనిచేసే రోజుల్లో ఓ గుమాస్తాకి అంత పొడుగు పేరు రాయడం బద్ధకమై ఎల్.వి.ప్రసాద్ అని కురచ చేశాడట. ఆ కురచ పేరే ఆయనతో పెద్దదై దేశమంతా పాకింది. అక్కినేని అన్నది మాత్రం ఎక్కడో దారిలో దిగిపోయింది.

ఊరు వదిలినా పేరు వదలదు

మన ఇంటిపేర్లలో ఎక్కువ భాగం ఊళ్ళ పేర్లే. కాకపోతే ఆ ఊరు నేరుగా కనపడదు, వ్యాకరణం చిన్న ముసుగేస్తుంది. 'ఊరు' అన్నది 'ఊరి' అవుతుంది, 'పాడు' అన్నది 'పాటి' అవుతుంది. ఏరు ఏటి, ఇల్లు ఇంటి అయినట్టే. అంచేత నందమూరు నుంచి నందమూరి, సాలూరు నుంచి సాలూరి, ఉప్పలపాడు నుంచి ఉప్పలపాటి, దగ్గుబాడు నుంచి దగ్గుబాటి. 'ఫలానా ఊరి మనిషి' అని చెప్పడమే ఇంటిపేరు పని.

ఇక్కడ ఒక మెలిక ఉంది. సొంత ఊళ్ళోనే ఉన్నవాణ్ణి ఆ ఊరిపేరు పెట్టి ఎవరూ పిలవరు. ఊరంతా ఆ ఊరివాళ్ళే కదా! వేరే ఊరికి వలస వెళ్ళినప్పుడే 'నందమూరి వాళ్ళు వచ్చారు' అంటారు. రామారావు గారు 1923లో పుట్టింది నిమ్మకూరులో, నందమూరులో కాదు. ఘంటసాల గారు 1922లో పుట్టింది చౌటపల్లిలో. అంటే ఇంటిపేరు మనం ఉన్న ఊరి గుర్తు కాదు, మన ముత్తాతల ముత్తాతలు మూటాముల్లె సర్దుకుని వదిలేసిన ఊరి గుర్తు. ప్రతి ఇంటిపేరు వెనకా ఒక వలస ఉందన్నమాట. కరువో, దండయాత్రో, అన్నదమ్ముల తగాదానో, కారణం ఎవరికీ గుర్తుండదు. ఊరు పేరు మాత్రం మిగిలిపోతుంది.

ఆ ఘంటసాల అనే ఊరు సామాన్యమైంది కాదు. కృష్ణాజిల్లాలో సముద్రానికి దగ్గర్లో ఉంది. బౌద్ధుల స్తూపం బయటపడిన చోటు. ప్రాకృత శాసనాల్లో కనిపించే 'కంటకసేల', గ్రీకు భూగోళ శాస్త్రజ్ఞుడు టాలెమీ రాసిన 'కంటకొస్సిల' రేవు ఇదేనని పండితులు గుర్తించారు. పాత పాటల రికార్డు పెట్టుకుని 'ఘంటసాల' అన్నప్పుడల్లా, ఒకప్పుడు ఓడలు ఆగిన రేవు పేరు పలుకుతున్నామని మనలో ఎంతమందికి స్ఫురిస్తుంది చెప్పండి?

వలసకి అందమైన సాక్ష్యం త్యాగరాజస్వామి. ఆయన ఇంటిపేరు కాకర్ల. ఆ కాకర్ల కూడా ఒక ఊరే. స్వామి పుట్టింది 1767లో తిరువారూరులో, సిద్ధిపొందింది 1847లో తిరువయ్యారులో. తరాల తరబడి కావేరి నీళ్ళు తాగినా, ఆ ఇల్లు తెలుగునేల మీది పల్లె పేరును పక్కన పెట్టలేదు. బమ్మెర పోతన గారి బమ్మెర ఓరుగల్లు సీమలోని పల్లె. తాళ్ళపాక అన్నమయ్య గారి తాళ్ళపాక కడప సీమది. 'భక్త పోతన'లో పోతనగానూ, 1946 'త్యాగయ్య'లో త్యాగయ్యగానూ కనిపించిన చిత్తూరు వి.నాగయ్య గారి సంగతేమిటంటే, ఆయన 'వి' వుప్పలదడియం. కానీ నాటకాల రోజుల నుంచీ చిత్తూరే ఆయనకి ఇంటిపేరై కూర్చుంది. ఊరు ఇంటిపేరుగా మారడానికి తరాలు పట్టాలని రూలేం లేదు, జనం తలచుకుంటే ఒక్క జీవితకాలం చాలు. పిఠాపురం నాగేశ్వరరావు గారి గొంతు విన్నవాళ్ళకి ఈ మాట వేరే చెప్పక్కర్లేదు.

ఊళ్ళు కాకుండా కొలువులూ చదువులూ కూడా ఇంటిపేర్లయ్యాయి. అక్కినేని, ఘట్టమనేని, మిక్కిలినేని, వీరమాచనేని, వీటి చివర్న ఉన్న 'నేని' ఎవరనుకున్నారు? నాయుడు! నాయకుడు నాయుడై, నాయుడు నేడై, ఆ నేడు కాస్తా నేని అయింది. ఎఱ్ఱాప్రగడలో 'ప్రగడ' అంటే మంత్రి. రంగావఝ్ఝల, సూరావఝ్ఝల లాంటి పేర్ల తోకలో ఉన్నది 'ఒజ్జ' అని పెద్దలు చెబుతారు. ఒజ్జ అంటే ఉపాధ్యాయుడు. వేదుల, ద్వివేదుల, చతుర్వేదుల అంటే వేరే చెప్పాలా? కూచిపూడి అగ్రహారానికి వెళితే వేదాంతం వారు, భాగవతుల వారు, పసుమర్తి వారు కనిపిస్తారు. 1953 'దేవదాసు' తీసిన వేదాంతం రాఘవయ్య గారు ఆ ఊరి ఆట నేర్చి వచ్చినవారే.

ఇంటిపేర్లతో భోజనం

ఊళ్ళూ కొలువులూ అయ్యాక వంటింట్లోకి వద్దాం. మన ఇంటిపేర్లతో విస్తరి నింపేయొచ్చు. పప్పు వారున్నారు. ఉప్పు వారున్నారు. అల్లం వారు, మిరియాల వారు, తోటకూర వారు, నేతి వారు, చివరికి పెరుగు వారూ ఉన్నారు. గుమ్మడి గారు వచ్చాక పులుసుకి లోటేముంది? కూరకి వంకాయల సత్యనారాయణ గారు ఎటూ సిద్ధం, పాత చిత్రాల్లో ఎన్నో వేషాలు వేసిన ఆ పెద్దమనిషిని మీరు చూసే ఉంటారు. అందాల నటుడు శోభన్ బాబు గారు ఎవరనుకున్నారు? ఉప్పు శోభనాచలపతిరావు. 'ఉప్పు' తీసేసి, 'చలపతిరావు' దించేసి, చివర్న ఓ 'బాబు' తగిలించేసరికి ఆంధ్రదేశపు ఆడపడుచులందరూ ఆయన వైపు తిరిగారు.

జంతుజాలానికీ కొరత లేదు. మహాకవి జాషువా గారు గుర్రం వారు. మల్లయోధుడు రామమూర్తి నాయుడు గారు కోడి వారు. రొమ్ము మీద ఏనుగుని ఎక్కించుకున్న వస్తాదు ఇంటిపేరు కోడి అంటే ఇంతకన్నా తమాషా ఏముంటుంది!

వెండితెర పెట్టిన ఇంటిపేర్లు

పుట్టుకతో వచ్చే ఇంటిపేరు ఒకటైతే, సినిమా ప్రసాదించే ఇంటిపేరు ఇంకొకటి. ఈ ముచ్చట మన తెలుగులో ఉన్నంత జోరుగా ఇంకెక్కడా లేదనుకుంటాను. 1950లో విజయావారు 'షావుకారు' తీశారు. అందులో నటించిన జానకి గారు అప్పట్నుంచి 'షావుకారు' జానకి అయ్యారు. అరవదేశం వెళ్ళినా షావుకారు ఆవిడ వెంటే నడిచింది. 1967లో బాపు గారి 'సాక్షి' వచ్చింది, రంగావఝ్ఝల రంగారావు గారు సాక్షి రంగారావు అయిపోయారు. 1982లో జంధ్యాల గారి 'నాలుగు స్తంభాలాట'లో 'సుత్తి' పుణ్యమా అని ఒకే దెబ్బకి ఇద్దరికి పేర్లొచ్చాయి: సుత్తి వీరభద్రరావు, సుత్తి వేలు. అదే ఏడాది 'శుభలేఖ'తో సుధాకర్ గారు శుభలేఖ సుధాకర్. 1986లో చేంబోలు సీతారామశాస్త్రి గారు 'సిరివెన్నెల' పాటలు రాశారు. ఆ వెన్నెల ఆయన పోయేదాకా వీడలేదు, పోయాక కూడా వీడలేదు. 2002లో 'అల్లరి' నరేష్, 2003లో 'దిల్' రాజు, 2005లో 'వెన్నెల' కిషోర్. ఈ వరస ఆగేలా లేదు.

దీన్ని చూసి నవ్వుకోవచ్చు గానీ, నాకు ఇందులో మన పాత అలవాటే కనిపిస్తుంది. పాతరోజుల్లో మనిషి ఏ ఊరు దాటి వచ్చాడో ఆ ఊరు అతని ఇంటిపేరైంది. సినిమావాడు ఏ సినిమాతో గట్టెక్కాడో ఆ సినిమా అతని ఇంటిపేరైంది. ఏ నేల నిలబెట్టిందో ఆ నేల పేరు చెప్పుకోవడం కృతజ్ఞతే కదా!

కొందరు కవులు ఇంకో దారి తొక్కారు. కిళాంబి వెంకటనరసింహాచార్యులు గారు గోత్రాన్నే పేరు చేసుకుని ఆత్రేయ అయ్యారు. భాగవతుల శంకరశాస్త్రి గారు నక్షత్రాన్ని పట్టుకుని ఆరుద్ర అయ్యారు. శ్రీశ్రీ గారు పుట్టింది పూడిపెద్ది వారింట. దత్తత వల్ల శ్రీరంగం వారయ్యారు. ఆ ఇంటిపేరులోంచి ఒక 'శ్రీ', శ్రీనివాసరావులోంచి ఒక 'శ్రీ' తీసి పక్కపక్కన నిలబెట్టారు. రెండక్షరాలతో ఓ యుగం నడిచింది.

విస్తరాకు మీద బతికిన పేరు

ఇక ఇంటిపేరు వదిలి మనిషి పేరుకి వద్దాం. తెలుగువాడి పేరు వింటే ఏ దేవుడి నీడలో పుట్టాడో చెప్పేయొచ్చు. అప్పలరాజు, అప్పలనాయుడు, సింహాచలం అంటే విశాఖ వైపు, సింహాద్రి అప్పన్న చలవ. పైడిరాజు అంటే విజయనగరం పైడితల్లి. పెంచలయ్య అంటే నెల్లూరు, పెంచలకోన నరసింహస్వామి. కోటయ్య, కోటేశ్వరరావు అంటే కోటప్పకొండ తిరునాళ్ళు తలుచుకోవాలి. యాదగిరి అంటే యాదగిరిగుట్ట. రాజన్న అంటే వేములవాడ. కొమురయ్య, మల్లేశం అంటే కొమురవెల్లి మల్లన్న. ఇంటింటా నవ్వులు పంచిన రాజబాబు గారి అసలు పేరు పుణ్యమూర్తుల అప్పలరాజు. తెర మీద బాబు అయినా, లోపల అప్పన్న ఉన్నాడన్నమాట.

వీటన్నిటినీ మించి నా గుండెకి దగ్గరగా ఉండే పేర్లు వేరే ఉన్నాయి. పెంటయ్య, పుల్లయ్య, తవుడు, తవిటమ్మ, బిచ్చయ్య, భిక్షపతి. ఈ పేర్లు మన సినిమాల్లో నౌకరు పాత్రకి పెట్టి నవ్వించిన రోజులున్నాయి. హాల్లో అందరితోపాటు నేనూ వినేవాణ్ణి, కాని నా నవ్వు పెదవి దాటేది కాదు. ఎందుకంటే మా నాన్నగారి పేరు పుల్లయ్య.

మా నాయనమ్మకి నాన్నకంటే ముందు ముగ్గురు పుట్టి పోయారు. ఒకరు నెల తిరక్కుండానే, ఒకరు పాకే వయసులో, ఇంకొకరు పురిట్లోనే. నాలుగో కాన్పులో నాన్న పుట్టగానే, ఊళ్ళో పెద్ద ముత్తయిదువ ఒకావిడ పసిగుడ్డును తీసుకెళ్ళి పెరట్లో తిని పారేసిన విస్తళ్ళ మీద పడుకోబెట్టి అటూ ఇటూ దొర్లించిందట. తిన్న విస్తరినే మా వైపు పుల్లి విస్తరి అంటారు. తర్వాత ఆవిడే ఎత్తుకొచ్చి, "విస్తళ్ళలో ఓ పిల్లాడు దొరికాడమ్మా, కొనుక్కుంటావా?" అని అడిగితే, మా నాయనమ్మ చేటెడు తవుడు పోసి తన బిడ్డని తనే కొనుక్కుంది. మృత్యుదేవతని మోసం చెయ్యాలి. వీడు నా బిడ్డ కాదు, ఎంగిలాకుల్లో దొరికినవాడు, వీణ్ణి తీసుకెళ్ళి ఏం చేసుకుంటావు అని నమ్మించాలి. ఆ అబద్ధానికి రిజిస్టరీ దస్తావేజు లాంటిది పుల్లయ్య అన్న పేరు.

నన్ను బడిలో వేసినప్పుడు మాస్టారు తండ్రి పేరు రాసుకుంటూ, "పుల్లారావు అని రాయమంటారా? మర్యాదగా ఉంటుంది" అన్నారు. మా నాన్నగారు భుజం మీద కండువా సర్దుకుని, "వద్దండీ. పుల్లయ్యని కాబట్టే బతికాను. రావుని అయితే ఎప్పుడో పోయేవాణ్ణి" అన్నారు. మాస్టారు మరి మాట్లాడలేదు. పుల్లయ్య అనే రాసుకున్నారు.

ఆ మాట నాకు ఇప్పటికీ వినిపిస్తుంది. 1934లో 'లవకుశ' తీసిన సి.పుల్లయ్య గారి పేరు, 1960లో 'శ్రీ వెంకటేశ్వర మహాత్మ్యం' తీసిన పి.పుల్లయ్య గారి పేరు తెర మీద పడినప్పుడు మా నాన్నగారు కుర్చీలో నిటారుగా కూర్చునేవారు. టీకాలూ ఆసుపత్రులూ పల్లెకు రాని రోజుల్లో తల్లుల దగ్గరున్న మందు ఈ పేరొక్కటే. ఒక పుల్లయ్యని చూస్తే, పేరైనా పెట్టకుండా వెళ్ళిపోయిన ఓ అన్నో అక్కో ఆ పక్కనే నిలబడినట్టుంటుంది నాకు. ఇవాళ కొత్తగా పుట్టిన పిల్లలకి ఈ పేర్లు పెట్టడం లేదు. చిన్నబుచ్చుకోవలసిందేమీ లేదు. పిల్లలు బతుకుతున్నారు, అంతకన్నా కావలసిందేముంది?

పేరు చెబితే కులం తెలియాలా?

ఇంటిపేరుకి ఇంకో ముఖం కూడా ఉంది, దాన్ని దాచిపెట్టి ముచ్చట్లు చెప్పుకోవడం న్యాయం కాదు. రైల్లో ఎదుటి సీటాయన మన పేరడుగుతాడు. చెబుతాం. "ఇంటిపేరో?" అంటాడు. అది చెప్పాక ఆయన మొహంలో ఏదో లెక్క తేలుతుంది. అడిగింది ఊరు కాదు, కులం అని మనకీ తెలుసు, ఆయనకీ తెలుసు. కొందరు దీన్ని తెంచుకున్నారు. పుచ్చలపల్లి సుందరామిరెడ్డి గారు తోక వదిలేసి సుందరయ్య అయ్యారు. ఇంటిపేరు ఉండి కూడా దక్కనివాళ్ళూ ఉన్నారు. తెలంగాణా సాయుధ పోరాటంలో తన పొలం గింజ దొరకి దక్కనివ్వని వీరవనిత ఇంటిపేరు చిట్యాల. చిట్యాల ఐలమ్మ! కాని లోకం ఆవిణ్ణి చాకలి ఐలమ్మ అనే పిలిచింది. పెద్దింటివాళ్ళకి ఊరు ఇంటిపేరైతే, పనిచేసి బతికేవాళ్ళకి పనే ఇంటిపేరు చేసేశారు. ఇప్పుడు జనం ఆ మాటనే గౌరవంగా పలుకుతున్నారంటే అది ఆవిడ గొప్పతనం, పిలిచినవాళ్ళది కాదు.

ఆడవాళ్ళ ఇంటిపేరు ఏ ఇంటిది?

ఇక మొదట వదిలిన ప్రశ్నకి వద్దాం. ఘంటసాల, రేలంగి, గుమ్మడి. కాని సావిత్రి, జమున, అంజలి, శారద. మగవాడికి ఇంటిపేరు చాలు, ఆడదానికి ఇంటిపేరే అక్కర్లేదు! సావిత్రి గారు పుట్టింది నిశ్శంకర వారింట. జమున గారు నిప్పాణి వారి ఆడపడుచు. భానుమతి గారు పుట్టింట్లో బొమ్మరాజు వారు, మెట్టింట్లో పాలువాయి వారు, తెర మీద భర్త పేరు చేర్చుకుని భానుమతీ రామకృష్ణ. ఆడపిల్లకి ఇంటిపేరు అద్దెకొంప లాంటిది, పెళ్ళితో ఖాళీ చెయ్యాలి. అది రివాజు.

ఈ రివాజు ఈమధ్య మా ఇంట్లోనే నిలబడి ప్రశ్న అడిగింది. మా అబ్బాయి డల్లాస్‌లో ఉంటాడు. అమెరికాలో మన పేర్లకి శీర్షాసనం వేయిస్తారు. ముందుండే ఇంటిపేరు 'లాస్ట్ నేమ్' పేరుతో చివరికి పోతుంది. ఆఫీసులో అందరూ వాణ్ణి ఇంటిపేరుతోనే పిలుస్తారట. ఇక్కడ ఘంటసాల గారికి దక్కిన గౌరవం అక్కడ ప్రతి తెలుగువాడికీ దక్కుతోందన్నమాట! పాస్‌పోర్టులో రెండు గడులకీ ఒకే గడిలో పేరు రాసుకున్నవాళ్ళకి వీసా మీద 'ఎఫ్.ఎన్.యు.' అని పడుతుంది, ఫస్ట్ నేమ్ అన్‌నోన్. నలుగురూ కూర్చుని బారసాల చేసి, బియ్యంలో రాసి, చెవిలో మూడుసార్లు చెప్పిన పేరు అక్కడ 'తెలియదు'!

సరే, మా వాడికి ఆడపిల్ల పుట్టింది. ఫారంలో పసిదాని 'లాస్ట్ నేమ్' గడి నింపాలి. మా కోడలు, "మామయ్యగారూ, మా ఇంటిపేరు పెట్టుకుంటాను" అంది ఫోనులో. మా అబ్బాయి తనకి ఇష్టమేనన్నాడు. చుట్టాల్లో గాలిదుమారం లేచింది. వంశం ఏమైపోవాలి అని ఒకరు, నలుగురిలో తలెత్తుకునేదెలా అని ఇంకొకరు.

ఆ అమ్మాయి ఎందుకు అడిగిందో చెబుతాను. వాళ్ళ ఇంటిపేరు ఒక ఊరు. ఏ ఊరో రాయను, అది వాళ్ళింటి గుట్టు. కృష్ణ ఒడ్డున ఉండేది. 1955 డిసెంబర్ 10న నాగార్జునసాగర్‌కి శంకుస్థాపన జరిగాక, ఏలేశ్వరం లాంటి పాత క్షేత్రాలతోపాటు నీటికిందికి పోయిన పల్లెల్లో అదొకటి. ఆ నీళ్ళు లక్షల ఎకరాలు తడిపాయి, కోట్లమందికి అన్నం పెట్టాయి, కాదనేదెవరు? కానీ ఆ పల్లె మాత్రం ఇక లేదు. గుడి లేదు, రచ్చబండ లేదు, చింతచెట్టు లేదు. ఈ భూమ్మీద ఆ ఊరు మిగిలింది ఆ ఇంటిపేరులోనే. మా వియ్యంకుడికి ఈ అమ్మాయి ఒక్కతే సంతానం. "మావయ్యగారూ, మా నాన్నతో, నాతో ఊరు రెండోసారి మునిగిపోతుందండీ" అంది. దానికి నా దగ్గర జవాబు లేదు. ఇవ్వాలనీ అనిపించలేదు.

చుట్టాలకి మాత్రం జవాబిచ్చాను. రెండువేల ఏళ్ళ కిందట ఈ నేలని ఏలిన శాతవాహనుల పేర్లు తీసి చూడండి అన్నాను. గౌతమీపుత్ర శాతకర్ణి, వాసిష్ఠీపుత్ర పులుమావి. తల్లి పేరు ముందు, తరవాతే రాజు! ఆ గౌతమీ బాలశ్రీ వేయించిన నాసిక్ శాసనం ఇప్పటికీ ఉంది. 2017లో 'గౌతమిపుత్ర శాతకర్ణి' సినిమా చూసి ఈలలు వేసినవాళ్ళం, ఆ సినిమాకి దర్శకుడు తన తల్లి పేరు చేర్చి 'అంజనాపుత్ర క్రిష్' అని వేసుకుంటే చప్పట్లు కొట్టినవాళ్ళం, మన ఇంట్లో పసిదాని దగ్గరికొచ్చేసరికి ఎందుకు గింజుకుంటున్నాం? గోత్రం ఎటూ పోలేదు, రక్తం ఎటూ పోలేదు. ఒక గడిలో ఒక ఊరు బతుకుతుంది, అంతేగా!

మా బావమరిది ఇంకా ఏదో అనబోతుంటే, అప్పటిదాకా వత్తులు చేసుకుంటూ కూర్చున్న మా ఆవిడ తలెత్తింది. "నలభై రెండేళ్ళయింది నేనీ ఇంటికొచ్చి. నా పుట్టింటి పేరేమిటో మన మనవల్లో ఒక్కళ్ళకి తెలుసా?" అంది. గొంతు పెంచలేదు. గదిలో ఎవరూ మాట్లాడలేదు. తనతోపాటు ఆ పేరున పుట్టిన తమ్ముడు కూడా, అంటే మా బావమరిదే, నేల చూపులు చూశాడు.

పసిదానికి వాళ్ళ అమ్మ ఇంటిపేరే రాశారు. మా ఇంటిపేరు మధ్యలో ఓ పొడి అక్షరమై కూర్చుంది. రేపు అది పెద్దదై, "తాతయ్యా, ఈ అక్షరమేమిటి?" అని అడిగితే చెప్పడానికి నా దగ్గర కథ ఉంది. "ఈ ఊరెక్కడుంది?" అని అడిగితే వాళ్ళమ్మ దగ్గర అంతకన్నా పెద్ద కథ ఉంది.

మీకొక పని చెబుతాను. ఇంట్లో అమ్మమ్మో నాయనమ్మో ఉంటే ఈ ఆదివారం పక్కన కూర్చుని వాళ్ళ పుట్టింటి పేరు అడగండి. ముందు "ఇప్పుడదంతా ఎందుకురా" అంటారు. రెండోసారి అడగండి. చెబుతారు. ఆ ఒక్క మాట చెప్పేటప్పుడు ఆ గొంతు ఎలా మారుతుందో, జాగ్రత్తగా వినండి.